ఆఫ్టర్ ఎఫెక్ట్స్‌లో స్ప్రింగ్ కదలిక: ఒకే ఎక్స్‌ప్రెషన్ ఒక లేయర్‌లో విపరీతంగా ఊగి, ఇంకో లేయర్‌లో అసలు కదలకపోవడం ఎందుకు?

కావలి నుంచి మీరు అడిగిన ప్రశ్న సారాంశం ఇది. కదిలే బొమ్మలు చేసే ఆఫ్టర్ ఎఫెక్ట్స్ సాఫ్ట్‌వేర్‌లో పెళ్లి ఆహ్వానాలు, దుకాణాల ప్రకటనలు చేస్తున్నారు. అక్షరాలు, లోగోలు తెర మీదికి వచ్చి ఆగే తీరు కొయ్యబారినట్టు ఉండటంతో, నెట్‌లో దొరికిన స్ప్రింగ్ ఎక్స్‌ప్రెషన్ (కదలికను లెక్క కట్టే చిన్న కోడ్) ఒకటి తెచ్చి అతికించారు. అది ఒక లేయర్‌లో (బొమ్మలోని ఒక పొరలో) హద్దు లేకుండా ఊగుతోంది, పక్క లేయర్‌లో ఉలుకూ పలుకూ లేదు. ప్లగిన్ (విడిగా తెచ్చి చేర్చుకునే అదనపు సాధనం) కొనాలా, కొంటే 8 జీబీ ర్యామ్ ఉన్న మీ మెషిన్ దాన్ని మోస్తుందా అన్నవి మిగిలిన సందేహాలు.

ప్లగిన్ అక్కరలేదు. మీ ఎక్స్‌ప్రెషన్‌లోనూ తప్పేమీ లేదు, తేడా అంతా కీఫ్రేముల్లో, అంటే ఏ క్షణానికి వస్తువు ఎక్కడ, ఎంత ఉండాలో మీరు పెట్టే గుర్తుల్లో ఉంది. వస్తువు ఎంత వేగంతో వచ్చి గమ్యాన్ని తాకిందో, ఆ వేగమే తరువాతి ఊపుగా మారుతుంది. వేగంగా వచ్చిన లేయర్ ఎక్కువగా ఊగుతుంది, మెల్లగా జారి ఆగిన లేయర్‌కు ఊగడానికి ఏమీ మిగలదు. కాబట్టి ముందు చివరి కీఫ్రేమ్ దగ్గర వేగాన్ని సరిచేసుకోవాలి, ఆ తరువాత వస్తువు బరువును బట్టి ఫ్రీక్వెన్సీనీ (సెకనుకు ఎన్నిసార్లు ఊగాలో), దాని స్వభావాన్ని బట్టి డికేనూ (ఊపు ఎంత త్వరగా తగ్గాలో) ఎంచుకోవాలి. ఒంగోలులో నేను చేసే పనుల్లో నూటికి తొంభై ఈ మూడు నిర్ణయాలతోనే తేలిపోతాయి.

మీరు తెచ్చుకున్న ఎక్స్‌ప్రెషన్ బహుశా అందరి దగ్గరా తిరిగేదే అయి ఉంటుంది. అది ఇప్పటికి దాటిపోయిన కీఫ్రేముల్లో చివరిదాన్ని వెతుకుతుంది, ఆ కీఫ్రేముకు వెంట్రుకవాసి ముందు లేయర్ ఎంత వేగంతో ఉందో వెలాసిటీ యాట్ టైమ్ అనే ఫంక్షన్‌తో అడిగి తెలుసుకుంటుంది, ఆ వేగాన్ని ఆంప్లిట్యూడ్‌తోనూ (ఊపు ఎంత పెద్దదో చెప్పే అంకె), అటూ ఇటూ ఊగే ఒక సైన్ తరంగంతోనూ గుణించి, కాలం గడిచేకొద్దీ తగ్గిపోయేలా ఎక్స్‌పొనెన్షియల్‌తో భాగించి, వచ్చిన ఫలితాన్ని అసలు విలువకు కలుపుతుంది. చాలా చోట్ల ఆంప్లిట్యూడ్ 0.1, ఫ్రీక్వెన్సీ 2, డికే 2 అని రాసి ఉంటుంది.

ఇప్పుడు మీ లేయర్లను చూద్దాం. కీఫ్రేములు పెట్టగానే ఎఫ్9 నొక్కి ఈజీ ఈజ్ (మెల్లగా బయలుదేరి మెల్లగా ఆగే తీరు) ఇవ్వడం మనందరికీ చేతి అలవాటు. ఈజీ ఈజ్ ఇచ్చిన కీఫ్రేమును చేరే సమయానికి వేగం సున్నా అవుతుంది. సున్నాను దేనితో గుణించినా సున్నాయే కనుక ఆ లేయర్ కదలదు. చివరి కీఫ్రేమ్ లీనియర్‌గా, అంటే వేగం తగ్గకుండా చేరేలా ఉండాలి. మొదట్లో మెల్లగా బయలుదేరాలనుకుంటే మొదటి కీఫ్రేముకు మాత్రమే ఈజీ ఈజ్ అవుట్ ఇవ్వండి. అప్పుడు చివర్లో వేగం సగటు కన్నా ఎక్కువగా ఉంటుంది, అది ఎంతో స్పీడ్ గ్రాఫ్ కుడి కొసన చూసుకోవచ్చు.

విపరీతంగా ఊగిన లేయర్ సంగతి లెక్క వేసి చూస్తే తేలిగ్గా తెలుస్తుంది. సెకనుకు 25 ఫ్రేముల కాంపోజిషన్‌లో స్కేల్‌ను సున్నా నుంచి 100 శాతానికి 5 ఫ్రేముల్లో లీనియర్‌గా పెంచారనుకోండి. అంటే 0.2 సెకనులో 100 శాతం, వేగం సెకనుకు 500 శాతం. దాని మీద 0.1, 2, 2 అంకెలు పనిచేస్తే లోగో దాదాపు 139 శాతం దాకా ఉబ్బుతుంది. పైగా ఆ ఊపు కంటికి ఆనకుండా పోవడానికి సుమారు 2 సెకన్లు, అంటే దాదాపు 50 ఫ్రేములు పడుతుంది. పది సెకన్ల వాట్సాప్ స్టేటస్‌లో ఐదోవంతు కాలం పేరు ఊగుతూనే ఉంటే చదివేది ఎవరు? అదే కదలికను 10 ఫ్రేముల్లో పెడితే ఉబ్బు సగానికి, సుమారు 120 శాతానికి తగ్గుతుంది. ఎక్స్‌ప్రెషన్‌లో ఒక్క అక్షరం మారకుండానే ఇంత తేడా వస్తుంది.

ఇక్కడ ఆంప్లిట్యూడ్ గురించి ఒక మాట చెప్పాలి, ఎందుకంటే చాలామంది దాన్ని గుడ్డిగా పెంచుతూ తగ్గిస్తూ పోతారు. గమ్యాన్ని తాకే క్షణానికి ముందు ఉన్న వేగమూ, తాకిన తరువాత ఊపు మొదలయ్యే వేగమూ ఒకటే అయినప్పుడు కన్ను ఆ అతుకును పట్టుకోలేదు. ఈ ఎక్స్‌ప్రెషన్‌లో ఆ రెండూ సమానం కావాలంటే ఆంప్లిట్యూడ్, ఫ్రీక్వెన్సీ, 6.28 (పై విలువకు రెట్టింపు) ఈ మూడింటి లబ్ధం ఒకటి కావాలి. 0.1, 2 అంకెలతో అది 1.26 అవుతుంది, అంటే గమ్యం దగ్గర వస్తువును ఎవరో వెనక నుంచి నెట్టినట్టు వేగం నాలుగోవంతు పెరుగుతుంది. కాబట్టి ఆంప్లిట్యూడ్‌ను చేత్తో టైప్ చేయడం మానేసి, ఒకటిని 6.28తోనూ ఫ్రీక్వెన్సీతోనూ భాగించి రాబట్టమని ఎక్స్‌ప్రెషన్‌లోనే రాసుకోండి. ఫ్రీక్వెన్సీ 2 అయితే 0.08, మూడైతే 0.053, నాలుగైతే 0.04 వస్తుంది. ఆ తరువాత ఊపు ఎక్కువనిపిస్తే ఆంప్లిట్యూడ్ జోలికి పోకుండా డికే పెంచండి, లేదా వచ్చే వేగాన్ని తగ్గించండి.

పైన చెప్పిన లోగోకే ఫ్రీక్వెన్సీ 3, డికే 9, దానికి తగిన ఆంప్లిట్యూడ్ 0.053 పెట్టి చూడండి. లోగో 114 శాతం దాకా వెళ్తుంది, తిరిగి 97 దగ్గరకు వస్తుంది, ఆ పైన వచ్చే ఊపు ఒక శాతం లోపే కనుక కనిపించదు. గమ్యం చేరిన తరువాత 11 ఫ్రేముల్లో స్థిరపడుతుంది. రావడానికి 5, స్థిరపడటానికి 11, మొత్తం 16 ఫ్రేములు. మామూలు దుకాణం లోగోకు నేను మొదట పెట్టి చూసే అంకెలు ఇవే.

డికేను ఫ్రీక్వెన్సీతో భాగిస్తే వచ్చే అంకె చాలా విషయాలు చెబుతుంది. ఒక వైపు ఊపు ఎంత ఉంటే, దాని తరువాత ఎదుటి వైపు ఊపు ఎంత ఉండాలో ఆ నిష్పత్తే నిర్ణయిస్తుంది. నిష్పత్తి 1 అయితే తరువాతి ఊపు ముందుదానిలో 61 శాతం, 2 అయితే 37 శాతం, 3 అయితే 22 శాతం, 4 అయితే 14 శాతం, 6 అయితే 5 శాతం ఉంటుంది. పిల్లల దుస్తుల దుకాణం, ఐస్‌క్రీమ్ పార్లర్ లాంటివాటికి 1 నుంచి 2 మధ్య సరదాగా ఉంటుంది. చదవాల్సిన అక్షరాలకు 3 కన్నా తగ్గకూడదన్నది నా అభిప్రాయం. పూర్తిగా ఆగడానికి పట్టే కాలం మాత్రం ఫ్రీక్వెన్సీతో సంబంధం లేకుండా డికే ఒక్కదాని మీదే ఆధారపడుతుంది: నాలుగును డికేతో భాగిస్తే సుమారుగా ఎన్ని సెకన్లో వస్తుంది. వాయిస్ ఓవర్‌లో తరువాతి మాట ఎప్పుడు పడుతుందో చూసుకుని, వెనక్కి లెక్క వేసి డికే పెట్టుకోవచ్చు.

ఫ్రీక్వెన్సీకి బరువుతో సంబంధం ఉంది. స్ప్రింగును ఎంత సాగదీస్తే అది అంత బలంతో వెనక్కి లాగుతుందని రాబర్ట్ హుక్ 1678లో ప్రచురించాడు. ఆ సూత్రం నుంచే, అదే స్ప్రింగుకు నాలుగు రెట్ల బరువు కడితే సెకనుకు ఊగే సార్లు సగానికి పడిపోతాయని లెక్క వస్తుంది. తెర మీద ఉన్నది బొమ్మే అయినా చూసేవారి కన్ను ఈ లెక్కను బాగా ఎరిగినదే. పెద్ద వస్తువు గబగబా వణికితే అట్టముక్కలా కనిపిస్తుంది. ఇంకో హద్దు ఫ్రేమ్ రేటు నుంచి వస్తుంది: సెకనుకు 25 ఫ్రేముల దగ్గర ఫ్రీక్వెన్సీ 3 అంటే ఒక పూర్తి ఊపుకు 8 ఫ్రేములు దొరుకుతాయి, 6 అంటే నాలుగే. 6 దాటితే అది ఊపులా కాకుండా వీడియో పాడైనట్టు కనిపిస్తుంది.

చీమకుర్తి గ్రానైట్ వ్యాపారి ఒకరికి లోగో చేసేటప్పుడు ఈ బరువు సంగతి బాగా తేలింది. నల్లటి పలక ఒకటి పైనుంచి దిగి నిలబడాలి, దాని మీద పేరు రావాలి. ఆయన కోరినది కాస్త హుషారుగా ఉండాలని. అయితే టన్నుల బరువున్న రాయి స్ప్రింగులా ఊగితే ఆ వ్యాపారానికే అవమానం. అందుకని రాయిని ఒక్క పిక్సెల్ కూడా దాటనివ్వకుండా అక్కడికక్కడే ఆపి, ఊపునంతా చుట్టుపక్కలకు ఇచ్చాను. రాయి తాకగానే కెమెరా నిలువుగా ఏడెనిమిది పిక్సెళ్లు అదిరి పావు సెకనులో ఆగుతుంది, కింద ఉన్న దుమ్ము పక్కలకు లేస్తుంది, పేరులోని అక్షరాలు రెండేసి ఫ్రేముల తేడాతో కొద్దిగా ఎగిరి కూర్చుంటాయి. కదలని వస్తువు బరువు పక్కన కదిలేవాటిలో తెలుస్తుంది. హుషారు ఎక్కడి నుంచి వచ్చిందో ఆయన అడగలేదు, వచ్చిందని మాత్రం ఒప్పుకున్నారు.

వేలాడే వస్తువులకు ఫ్రీక్వెన్సీని ఊహించాల్సిన పని కూడా లేదు, పొడవు తెలిస్తే చాలు. లోలకం ఒకసారి ఇటూ అటూ ఊగి రావడానికి పట్టే కాలం దాని పొడవు వర్గమూలాన్ని అనుసరిస్తుంది, బరువుతో నిమిత్తం లేదు. మీటరు పొడవున వేలాడే దుకాణం బోర్డుకు 2 సెకన్లు, 25 సెంటీమీటర్ల తోరణానికి ఒక సెకను, 5 సెంటీమీటర్ల జుంకాకు 0.45 సెకను పడుతుంది. నెల్లూరు నగల దుకాణాల ప్రకటనల్లో జుంకాలు ఊగని వీడియో ఉండదు కదా. వాటిలో చాలావరకు జుంకా గుడిగంటంత నెమ్మదిగా ఊగుతుంది, దాంతో నగ బరువుగా, మోటుగా కనిపిస్తుంది. ఫ్రీక్వెన్సీ 2.2 దగ్గర పెట్టి, యాంకర్ పాయింటును (వస్తువు దేని చుట్టూ తిరగాలో ఆ బిందువును) సరిగ్గా కొక్కెం మీదికి జరిపి, రొటేషన్ మీద ఎక్స్‌ప్రెషన్ వేయండి. జుంకా తెర నిండా కనిపించే షాట్ అయితే మాత్రం నేను 1.1 దాకా తగ్గిస్తాను. అంత దగ్గరి షాట్లను స్లో మోషన్‌లో చూడటం ప్రేక్షకులకు అలవాటు, అసలు వేగంతో ఊపితే రాళ్ల మెరుపు కూడా కనిపించదు.

ఇంతవరకూ చెప్పినదంతా వచ్చి ఆగే వస్తువులకు వర్తిస్తుంది. ఆగకుండా కదులుతున్న దానికి ఏదైనా అతుక్కుని ఊగాలంటే ఈ ఎక్స్‌ప్రెషన్ సరిపోదు, ఎందుకంటే ఊపు మొదలవడానికి ఒక కీఫ్రేమ్ అంటూ అక్కడ ఉండదు. మా వైపు ఎడ్ల బలప్రదర్శన పోటీలకు వీడియో టైటిళ్లు అడుగుతుంటారు. ఒంగోలు గిత్తను గీసి నడిపించడం ఒక ఎత్తు, దాని మూపురాన్నీ గంగడోలునూ నడిపించడం ఒక ఎత్తు. నడిచే గిత్తను వెనకనుంచి ఎప్పుడైనా గమనించండి: ముందుకాలు నేలను తాకిన కాసేపటికి గానీ మూపురం ఆ పక్కకు ఒరగదు, గంగడోలు అంతకన్నా ఆలస్యంగా, మడత మడతగా కదులుతుంది. శరీరం నిలిచిపోయినా అవి రెండూ ఇంకో ఊపు ఊగి గానీ ఆగవు.

అందులో ఆలస్యం వరకు తేలిక. మూపురం లేయర్‌ను శరీరం రొటేషన్‌ను 0.08 సెకను వెనక నుంచి చదవమంటే 2 ఫ్రేముల తేడా వస్తుంది, గంగడోలుకు 0.16 అంటే 4 ఫ్రేములు. వాల్యూ యాట్ టైమ్ ఫంక్షన్ ఆ పని చేస్తుంది. కానీ ఆలస్యం వేరు, ఊపు వేరు. గిత్త నిలబడిన రెండు ఫ్రేములకు మూపురం కూడా చప్పున బిగుసుకుపోతుంది. ఆ చివరి ఊపు కావాలంటే స్ప్రింగును నిజంగానే లెక్క కట్టాలి. ప్రతి అడుగులోనూ (ఒక ఫ్రేముకు ఒక అడుగు) మూపురం ఉండాల్సిన చోటుకూ ఉన్న చోటుకూ మధ్య దూరాన్ని బిగువుతో గుణించాలి, అందులోంచి వేగానికీ రాపిడికీ ఉన్న లబ్ధాన్ని తీసేయాలి, వచ్చిన బలంతో వేగాన్ని మార్చాలి, ఆ వేగంతో స్థానాన్ని మార్చాలి. బిగువు కోసం ఫ్రీక్వెన్సీని 6.28తో గుణించి వర్గం చేయండి, ఫ్రీక్వెన్సీ 2 అయితే 158 వస్తుంది. రాపిడి డికేకు రెట్టింపు, డికే 4 అయితే 8.

ముందు వేగాన్ని మార్చి, ఆ కొత్త వేగంతోనే స్థానాన్ని మార్చండి. వరుస తిరగేసి పాత వేగంతో స్థానాన్ని మారిస్తే ప్రతి అడుగులో కొంత శక్తి అదనంగా చేరుతుంది. ఫ్రీక్వెన్సీ 2, డికే 2 పెట్టి సెకనుకు 25 ఫ్రేముల దగ్గర చూస్తే ఊపు తగ్గాల్సింది పోయి పెరుగుతూ మూపురం తెర దాటిపోతుంది. కోడ్‌లో రెండు వరుసలు అటూ ఇటూ అయినందుకే ఇంత జరుగుతుంది కనుక, మీ లెక్క ఎప్పుడైనా ఇలా పేలిపోతే మొదట అక్కడే వెతకండి.

ఇందులో ఇంకో చిక్కు ఉంది. ఆఫ్టర్ ఎఫెక్ట్స్ ఎక్స్‌ప్రెషన్‌కు జ్ఞాపకం ఉండదు. నిన్నటి నిలువ రాసుకోకుండా రోజూ మొదటి పద్దు నుంచి మళ్లీ కూడుకునే గుమాస్తా లాంటిది అది. 500వ ఫ్రేములో మూపురం ఎక్కడ ఉందో తెలియాలంటే మొదటి ఫ్రేము నుంచి 500 అడుగులూ వేయాలి. 500 ఫ్రేములకూ కలిపి 1,25,250 అడుగులు, అదీ ఒక్క లేయర్‌కు. మెషిన్ బాగా నెమ్మదిస్తుంది. అయితే డికే 4 అయినప్పుడు ఒక సెకను కిందటి ఊపులో ఇప్పటికి మిగిలేది రెండు శాతం కూడా ఉండదు. కాబట్టి లెక్కను ఆది నుంచి కాకుండా ఒక సెకను వెనక నుంచి మొదలుపెట్టండి, ఆ క్షణంలో శరీరం ఉన్న చోటునూ వేగాన్నీ తొలి విలువలుగా తీసుకోండి. ఫ్రేముకు 25 అడుగులతో పని అయిపోతుంది, మొత్తం 12,500 అడుగులు. ఫలితంలో తేడా కంటికి కనిపించదు. డికే ఇంకా తక్కువ పెట్టేటప్పుడు మాత్రం ఆ ఒక సెకనును అంతకు తగ్గట్టు పెంచుకోవాలి.

ఇప్పుడు మనకు ప్రత్యేకమైన ఇబ్బంది ఒకటి, తెలుగు అక్షరాలది. ఇంగ్లీషు ట్యుటోరియల్‌లో ఒక్కొక్క అక్షరం వరసగా ఎగిరి కూర్చోవడం చూసి, టెక్స్ట్ యానిమేటర్‌లో అలాగే క్యారెక్టర్ల వారీగా పెడితే తెలుగులో అభాసు అవుతుంది. పత్రికల వాళ్లూ ఫ్లెక్సీల వాళ్లూ వాడే అను ఫాంట్లలో తలకట్టు, గుడి, ఒత్తు విడివిడి ముక్కలుగా టైప్ అవుతాయి. "స్వాగతం" అని రాసి అక్షరాల వారీగా స్ప్రింగ్ ఇస్తే సకారం ముందు ఎగిరి, దాని కింద ఉండాల్సిన వ ఒత్తు తరువాత విడిగా ఎక్కడి నుంచో వచ్చి అతుక్కుంటుంది. యూనికోడ్ ఫాంట్లలో పరిస్థితి కొంత మెరుగే, టెక్స్ట్ ఇంజన్ దక్షిణాసియా లిపులకు పనికొచ్చేదైతే ఒత్తులు సరిగ్గా కూర్చుంటాయి. కానీ యానిమేటర్ వాటిని విడదీయదన్న భరోసా మీద నేను పని అప్పజెప్పను. నేను రెండు దారుల్లో ఒకటి పడతాను. వ్యవధి తక్కువైతే క్యారెక్టర్లకు బదులు పదాల వారీగా స్ప్రింగ్ ఇస్తాను, తెలుగులో పదాలు పొడవైనవి కనుక అదే నిండుగా ఉంటుంది. పెళ్లికూతురు, పెళ్లికొడుకు పేర్ల లాంటి ముఖ్యమైన చోట అక్షరాలను షేపులుగా మార్చి, ఒత్తుతో గుణింతంతో సహా ఒక్కొక్క అక్షరాన్ని ఒక్కొక్క లేయర్‌గా కట్టి, యాంకర్ పాయింటును అక్షరం అడుగుకు దించి, రెండు మూడు ఫ్రేముల తేడాతో వదులుతాను. ఒత్తు బాగా కిందికి దిగే అక్షరాలకు కూడా యాంకర్‌ను అక్షరాలు కూర్చునే గీత మీదే ఉంచండి, ఒత్తు అడుగున పెడితే ఆ అక్షరం ఒక్కటే మిగతావాటి కన్నా ఎత్తుకు ఎగురుతుంది.

అన్నింటికీ అచ్చంగా ఒకే ఫ్రీక్వెన్సీ ఉంటే కవాతులా కనిపిస్తుంది. లేయర్ సంఖ్యను సీడ్‌గా (యాదృచ్ఛిక అంకెకు మూలంగా) ఇచ్చి ఫ్రీక్వెన్సీని పది శాతం అటూ ఇటూ మార్చండి. సీడ్‌ను కాలంతో మారకుండా బిగించడం మరిచిపోతే ప్రతి ఫ్రేముకూ కొత్త ఫ్రీక్వెన్సీ వచ్చి వణుకు పుడుతుంది.

నేలను తాకి ఎగిరే వస్తువులకు స్ప్రింగ్ వాడకూడదని కూడా చెప్పాలి, ఎందుకంటే ఈ రెండింటినీ కలిపేయడం తరచుగా చూస్తుంటాను. పొదలకూరు నిమ్మకాయ ఒకటి బుట్ట పక్కన నేల మీద పడాలనుకోండి. స్ప్రింగ్ గమ్యాన్ని దాటి కిందికి పోతుంది కనుక కాయ నేలలో మునిగి తేలుతుంది. స్ప్రింగులో ఊపు ఎత్తు తగ్గుతుంది గానీ ఊపుకు పట్టే కాలం మారదు; నేల మీద ఎగిరేదానికి ఎత్తు, కాలం రెండూ తగ్గుతాయి. 1.2 మీటర్ల ఎత్తు నుంచి పడటానికి అర సెకను, అంటే 12 ఫ్రేములు పడుతుంది. ప్రతి తాకిడిలో వేగం 0.4 వంతు మిగులుతుందనుకుంటే మొదటి ఎగురు ఎత్తు 19 సెంటీమీటర్లు, దానికి 10 ఫ్రేములు, రెండోది 3 సెంటీమీటర్లు, 4 ఫ్రేములు, మూడోది వదిలేయవచ్చు. ఈ కొద్ది కీఫ్రేములకు ఎక్స్‌ప్రెషన్ దేనికి, చేత్తోనే పెట్టేయండి. ఎగురు పైకొసన ఈజ్ ఉండాలి, నేలను తాకే చోట పదునుగా ఉండాలి.

స్ప్రింగును కూడా చేత్తో పెట్టవచ్చు. ఫైలు ఇంకొకరికి ఇవ్వాల్సి వచ్చినప్పుడు, లేదా ఎక్స్‌ప్రెషన్ లేని మొబైల్ ఎడిటర్‌లో పని చేసేటప్పుడు నేను అదే చేస్తాను. స్కేల్‌ను 5వ ఫ్రేములో 112, ఆ తరువాత నాలుగేసి ఫ్రేముల తేడాతో 96, 101, 100 పెట్టి, ఈ నాలుగింటికీ ఈజీ ఈజ్ ఇవ్వండి. ఇక్కడ ఈజ్ సరైనదే, ఎందుకంటే ఈ కీఫ్రేములు ఊపు కొసల్లో ఉన్నాయి, అక్కడ వేగం నిజంగానే సున్నా. దూరాలు 12, 4, 1గా ప్రతిసారీ సుమారు మూడో వంతుకు తగ్గాయి, ఫ్రేముల తేడా మాత్రం మారలేదు. రెండే కీఫ్రేములు పెట్టి గ్రాఫ్ ఎడిటర్‌లో పిడిని పైకి లాగి స్ప్రింగ్ రాబట్టాలని చూసేవారున్నారు. ఒక వంకర గీత గమ్యాన్ని ఒక్కసారే దాటగలదు, రెండోసారి వెనక్కి ఊగలేదు.

ఉబ్బే వస్తువు మెత్తగా కనిపించాలంటే నిలువు పెరిగినప్పుడు అడ్డం తగ్గాలి. నిలువు 120 శాతం అయితే అడ్డం 83.3 శాతం, అంటే 10,000ను నిలువుతో భాగించిన విలువ. దీన్ని రబ్బరు, మాంసం, రొయ్యల లాంటివాటికి వాడండి, అక్షరాలకు మాత్రం వద్దు. అక్షరం సన్నబడి లావెక్కితే ఫాంటు మారినట్టు ఉంటుంది.

ఎక్కడ వాడకూడదో నేను ముందే నిర్ణయించుకుంటాను. శ్రద్ధాంజలి వీడియోల్లో ఏదీ గమ్యం దాటకూడదు. ఆహ్వానంలో వినాయకుడి పటం, కలశం లాంటివి మెల్లగా తేలి కనిపించాలి, వాటికి స్ప్రింగ్ ఇస్తే ఇంట్లో పెద్దవాళ్లు ఫోన్ చేసి మరీ తీయించేస్తారు, వారి మాట న్యాయమే. ఫోన్ నంబరు, ముహూర్తం సమయం కూడా కదలకుండా ఉండటమే మేలు. ఒక తెర మీద ఒక సమయంలో ఒక్కటే ఊగితే దాని మీదికి చూపు పోతుంది, నాలుగు ఊగితే దేని మీదికీ పోదు.

ప్లగిన్ ఎప్పుడు కొనాలి అంటే, వస్తువులు ఒకదానితో ఒకటి గుద్దుకోవాల్సి వచ్చినప్పుడు. బుట్టలోకి వంద నిమ్మకాయలు దొర్లాలి, అక్షరాలు కుప్పగా పడాలి అన్నప్పుడు ఏ కాయ దేన్ని ఎప్పుడు తాకుతుందో ఎక్స్‌ప్రెషన్‌తో కనుక్కోవడం దండగ. మోషన్ బొటీక్ వారి న్యూటన్ అనే ప్లగిన్ ఆఫ్టర్ ఎఫెక్ట్స్ లోపలే ఆ పని చేసి ఫలితాన్ని కీఫ్రేములుగా ఇస్తుంది. డబ్బు పెట్టే ముందు బ్లెండర్ అనే 3డీ సాఫ్ట్‌వేర్‌లో రిజిడ్ బాడీ (గట్టి వస్తువుల తాకిడిని లెక్క కట్టే సాధనం) ప్రయత్నించండి, అది ఉచితం, కాయలను అక్కడే దొర్లించి పారదర్శకమైన పీఎన్‌జీ వరుసగా రెండర్ చేసి తెచ్చుకోవచ్చు. ఏడాదికి ఒకటి రెండు సార్లు వచ్చే పనికి ఆ దారే చాలు.

మీ 8 జీబీ మెషిన్ విషయానికి వస్తే, వచ్చి ఆగే లేయర్లకు వాడే మొదటి ఎక్స్‌ప్రెషన్ దానికి బరువే కాదు. బరువంతా మోషన్ బ్లర్‌ది (కదిలేదాన్ని మసకగా చూపే ఎఫెక్ట్), పెద్ద ఫొటోలది. ఊపు చూసుకునేటప్పుడు మోషన్ బ్లర్ ఆపి, ప్రివ్యూను సగం రిజల్యూషన్‌కు దించండి. కానీ ఫ్రేములు వదిలేస్తూ పోయే స్కిప్ ఎంపిక మాత్రం వాడకండి, ఊపు కొసలు కనిపించకుండా పోయి అంకెలు తప్పుగా పెట్టుకుంటారు. లెక్క కట్టే రెండో రకం ఎక్స్‌ప్రెషన్ ఉన్న లేయర్లకు ఊపు కుదిరిన వెంటనే కన్వర్ట్ ఎక్స్‌ప్రెషన్ టు కీఫ్రేమ్స్ చేయండి. ఎక్స్‌ప్రెషన్ ఆఫ్ అయి లేయర్‌లోనే ఉండిపోతుంది, కీఫ్రేములు దాని పని చేస్తాయి, తరువాత ఖాతాదారు మార్పు అడిగితే కీఫ్రేములు చెరిపి, మూల విలువ తిరిగి ఇచ్చి, ఎక్స్‌ప్రెషన్ మళ్లీ ఆన్ చేసుకోవచ్చు. అంకెలను సెకన్లలో రాసుకున్నారు కనుక రేపు అదే ప్రాజెక్టు 30 ఫ్రేముల్లో కావాలన్నా ఊపు మారదు. కీఫ్రేములుగా మార్చిన లేయర్లను మాత్రం కాంపోజిషన్ ఫ్రేమ్ రేటు మార్చిన తరువాత మరోసారి మార్చుకోవాలి.